లచ్చిరామన్న ఉండని ఇల్లు

లచ్చిరామన్న కట్టిన ఇంట్లో నేను పద్నాలుగేళ్ళు ఉన్నాను. ఆయన ఒక్క రోజు కూడా ఉండలేదు. ఈ మాట ఎవరితో అన్నా నన్ను అదోలా చూస్తారు, నేనేదో ఆయన కొంప కబ్జా చేసినట్టు. అలాంటిదేం లేదు. ఒకటో తారీకు తెల్లారేసరికి కిరాయి ఆయన చేతిలో పెట్టేదాన్ని. స్లాబు కారినప్పుడు మాత్రం ఊరుకునేదాన్ని కాదు, గట్టిగానే అరిచేదాన్ని. అరిస్తే ఆయనకు కోపం రాదు, అదే నాకు ఇంకా మంట.

మేము పాల్వంచ వచ్చింది ఎనభై మూడులో. మాది మధిర. మా ఆయనకు ఇక్కడి థర్మల్ కరెంటు ప్లాంటు అకౌంట్సుకు బదిలీ అయింది కానీ క్వార్టరు రాలేదు. ఇల్లు వెతుక్కుంటూ ఉంటే కోల్ ప్లాంటులో పనిచేసే లంబాడాయన కొత్తిల్లు కిరాయికిస్తున్నాడని చెప్పారు. వెళ్ళి చూస్తే ఇంకా సున్నం తడి ఆరలేదు. మూడు గదులు, ముందు వరండా, వంటగదిలో నల్లరాతి గట్టు. ఆయన గేటు దగ్గరే నిలబడి, "చూసుకోండ్రి అమ్మా, ఆ గట్టు నేనే దగ్గరుండి ఏపిచ్చిన. ఆడోళ్ళు నిలబడి వండుకోవచ్చు" అన్నాడు. ఆ గట్టు చూపించేటప్పుడు ఆయన మొహం వెలిగిపోయింది.

"మీ ఆవిడ ఎక్కడున్నారు?" అన్నాను.

"తండాల ఉంది. చండ్రుగొండ అవతల మా తండా. నా భార్య పేరు ద్వాలి. బిడ్డ చాంది. ఆళ్ళ కోసమే కట్టిన ఇది."

"మరి మాకు కిరాయికిచ్చి మీరెక్కడుంటారు?"

ఆయన ఇంటి వెనక్కి చెయ్యి చూపించాడు. కట్టుబడి అప్పుడు సిమెంటు బస్తాలు తడవకుండా వేసిన రేకుల గది అది. ఒక మంచం వేస్తే ఇంక మనిషి తిరగడానికి జాగా ఉండదు. "రెండేండ్లు గంతే అమ్మా. అప్పు జరంత తేలికైతె ఆళ్ళను తీస్కొస్త" అన్నాడు.

సంగతేమిటంటే, తండాలో బడి అయిదో తరగతితో ఆగిపోతుంది. చాందిని పాల్వంచలో చదివించాలని ఆయన పట్టుదల. అందుకని మా ఉద్యోగుల హౌసింగ్ సొసైటీలో నలభై వేలు అప్పు తీసుకుని ఇల్లు లేపాడు. పదేళ్ళలో తీర్చాలి. నెల నెలా జీతంలో కోతపడేది సగానికి పైనే. మిగిలిన దాంతో ఇటు ఈయనా అటు తండాలో వాళ్ళూ బతకాలి. అందుకే ఇల్లు కిరాయికి. ఇల్లు కట్టుకున్నవాడు ఇంట్లో ఉంటే ఇల్లు నిలవదు! ఇదెక్కడి లెక్కో నాకప్పుడూ అర్థం కాలేదు, ఇప్పుడూ అర్థం కాదు.

కొన్నాళ్ళకు నన్ను చెల్లె అని పిలవడం మొదలుపెట్టాడు. అన్నా చెల్లెళ్ళమయ్యాం కానీ గడప దాటి లోపలికి మాత్రం ఏనాడూ రాలేదు. ఫ్యూజు పోయిందని పిలిస్తే బయట డబ్బా దగ్గరే బాగు చేసి వెళ్ళేవాడు. "నీ ఇల్లే కదన్నా, లోపలికి వచ్చి కాఫీ తాగు" అంటే, "ఇప్పుడు మీ ఇల్లు చెల్లె" అనేవాడు. ఏం మనిషో!

రెండేళ్ళు గడిచాయి. ఒకరోజు మధ్యాహ్నం పొద్దుటి షిఫ్టు దిగి, మొహం నిండా బొగ్గు నలుపుతోనే జిలేబీ పొట్లం పట్టుకుని వరండా మెట్ల మీద కూర్చున్నాడు. ఆ రోజు మా ఆయన సెలవులో ఇంట్లో ఉన్నాడు.

"కోత తగ్గిపిచ్చుకున్న సారూ! నెలకు రెండొందలు మిగులుతది ఇగ" అన్నాడు.

"ఎన్నేళ్ళకు మార్చారన్నా?" అన్నాడు మా ఆయన.

"ఇరవై. నెమ్మదిగ కట్టుకుంట పోత."

మా ఆయన మొహం మారింది. "అన్నా, గడువు పెరిగితే వడ్డీ..." అని ఏదో మొదలుపెట్టాడు. లచ్చిరామన్న నవ్వుతూ చెయ్యి అడ్డం పెట్టాడు.

"మా తాత ఎడ్ల మీద ఉప్పు మోసిండు సారూ. సముద్రం కాడికెళ్ళి అడివిల కోయగూడేల దాంక. ఎద్దు కుంటితె ఏం జేసేటోడు? బరువు రెండు వంతులు చేసి రెండుసార్లు మోసేటోడు. ఆలిశమైతది, గంతే. ఉప్పు తొవ్వల పెరగదు గద! నా అప్పు గూడ గంతే. ఒక్కసారి మోసేది రెండుసార్లు మోస్త."

అంత సంబరంగా చెబుతుంటే మా ఆయన నోరు మెదపలేకపోయాడు. ఆయన వెళ్ళాక నేను కేకలేశాను, "చెప్పాల్సింది గట్టిగా చెప్పరేం?" అని. "సంతకం పెట్టి వచ్చాడే. ఇప్పుడు చెప్పి ఏం లాభం?" అన్నాడు. జిలేబీ మాత్రం చాలా బాగుంది. అది తలుచుకుంటే ఇప్పటికీ నాకు కష్టంగా ఉంటుంది.

మిగిలిన రెండొందలు మిగల్లేదు. తండాలో చెలక ఉంది, అందులో బావి తవ్వించాడు. బావిలో రాయి పడింది. రెండు పంటలు పత్తి వేశారు, పురుగు తినేసింది. ద్వాలి చెలక వదిలి రాలేదు, ఈయన డ్యూటీ వదిలి వెళ్ళలేడు, ఇల్లు కిరాయి వదులుకోలేదు. చాంది అయిదో తరగతి అయ్యాక రెండేళ్ళు ఖాళీగా కూర్చుంది, తరవాత తల్లితో పాటు పత్తి చేలోకి దిగింది.

ద్వాలి నాకు బాగా తెలుసు. ఆర్నెల్లకో ఏడాదికో చండ్రుగొండ బస్సు పట్టుకుని వచ్చేది. జొన్నరొట్టెలు గుడ్డలో కట్టుకుని, మోచేతుల దాకా గాజులతో, వరండాలో కూర్చునేది. షిఫ్టులు ఆమెకు తెలిసేవి కావు. పొద్దున వస్తే ఆయన డ్యూటీలో ఉండేవాడు, మధ్యాహ్నం వస్తే రాత్రి డ్యూటీ చేసి వచ్చి పడి నిద్రపోతుండేవాడు. "లేపనా?" అంటే, "వద్దు, పండనియ్యి" అనేది. బస్సు టైమయ్యేదాకా నాతో కబుర్లు చెప్పి, రొట్టెల మూట నా చేతికిచ్చి వెళ్ళిపోయేది. మొగుడిని చూడ్డానికి అంత దూరం వచ్చి నన్ను చూసి వెళ్ళేది.

లోపలికి రమ్మని ఎన్నిసార్లు బతిమాలానో. తలుపు తీసి ఉంటే వంటింటి దాకా కనపడుతుంది. మెడ సాచి చూసేది కానీ కాలు పెట్టేది కాదు.

"నీ ఇల్లే తల్లీ. దొంగతనమా ఏమన్నానా?"

"ఆయన తోని కలిసి పెడత అక్కా, అడుగు. నేనొక్కదాన్ని వస్తె ఏం సంబురం?" అనేది.

ఆ గట్టు చూసి ఒకసారి పకపకా నవ్వింది. "గంత ఎత్తుల పొయ్యా? నిలబడి వండితె కూలికి పోయినట్టుంటది. పొయ్యి ముందల కూసుండాలె, పక్కన ఆయన కూసుండాలె, రొట్టె కాలంగ కాలంగ పెట్టాలె. గట్ల వండితెనే వండినట్టు." సిగ్గుపడి కొంగు అడ్డం పెట్టుకుంది. పెళ్ళయిన కొత్తలో అలా తిన్నారట. ఈ సంగతి ఆయనకు ఎప్పుడన్నా చెప్పావా అంటే, "ఎప్పుడు చెప్పాలె?" అంది.

తొంభై రెండులో జీతాలు సవరించారు. అందరితో పాటు లచ్చిరామన్నకూ ఎరియర్సు మూడు వేలు వచ్చాయి. ఆ రోజు ఆయన వచ్చి, చాలా మొహమాటంగా, గడప బయట నిలబడి, "చెల్లె, వేరే ఇల్లు చూసుకుంటరా? తొందరేం లేదు. పండుగ దాంక ఉండుండ్రి" అన్నాడు.

నాకు ఒళ్ళు మండాల్సింది, మండలేదు. పైగా కళ్ళలో నీళ్ళొచ్చాయి. "తీరిపోయిందా అన్నా?"

"మొదటి రెండేండ్లు కట్టింది, ఈ ఏడేండ్లు కట్టింది కలిపితె నలభై వేలు దాటింది. వడ్డీ ఏమన్న ఉంటె ఈ ఎరియర్సు ఇచ్చి ముడి ఇప్పుకుంట. ద్వాలికి కబురు పంపిన, సామాను కట్టుకొమ్మని."

కబురు పంపాడు, సొసైటీకి వెళ్ళకముందే! మరునాడు పొద్దున వెళ్ళాడు. మధ్యాహ్నానికి వచ్చి వరండా మెట్టు మీద కూర్చున్నాడు. మొహం చూస్తేనే నాకు తెలిసిపోయింది, పని కాలేదని. మా ఆయన భోజనానికి ఇంటికి వచ్చి ఉన్నాడు, చెయ్యి కడుక్కుని వచ్చి పక్కన కూర్చున్నాడు.

"ఇంక ఇరవై తొమ్మిది వేలు ఉందట సారూ."

మా ఆయన తువ్వాలుతో చెయ్యి తుడుచుకున్నాడు.

"ఏడేండ్లు. ఒక్క నెల తప్పలే. ఇరవై ఎనిమిది వేలు కట్టిన. అప్పుల తగ్గింది అయిదున్నర వేలట. మరి మిగిలింది యాడికి పోయింది?"

"వడ్డీకన్నా. నువ్వు నెలకు కట్టేదాంట్లో ముందు వడ్డీ కోస్తారు. మిగిలిన పిసరంతే అసల్లోకి పోతుంది. నెలకు కట్టేది తక్కువ చేసుకుంటే ఆ పిసరు కూడా చిన్నదైపోయింది. అసలు కదలకపోతే మళ్ళీ నెల దానిమీద అంతే వడ్డీ."

"అంటె ఏడేండ్లు నేను ఏం మోసిన సారూ?"

"వడ్డీ మోశావు. అసలు బస్తా బయలుదేరిన చోటే ఉంది."

"ఉప్పు తొవ్వల పెరిగిందన్నట్టు."

"పెరిగిందన్నా. నిదానంగా నడిచేకొద్దీ ఇంకా పెరిగింది."

మొదట్లోనే ఎవరూ చెప్పలేదా అని నేను సొసైటీ వాళ్ళను తిట్టబోయాను. ఆయనే అడ్డం పడ్డాడు. "చెప్పిండు చెల్లె. ఆడ కూసున్నాయన కాయితం మొత్తం చదివి ఇనిపిచ్చిండు. నేనే మా తాత లెక్క పట్టుకోని ఇనలే." అన్నాడు. నేను మంచినీళ్ళు తెచ్చేసరికి గేటు చప్పుడైంది.

ద్వాలి. నెత్తిన గంప, చంకలో బట్టల మూట. గంపలో గడ్డి పరిచి, గడ్డిలో మట్టిపొయ్యి. తన చేతులతో చేసి, అలికి, ఎండబెట్టి, అంత దూరం బస్సులో ఒళ్ళో పెట్టుకుని తెచ్చింది. గంప దించకుండానే మెట్ల మీద ఈయన్ని చూసింది. ఆమెకు ఎవరూ ఏమీ చెప్పనక్కర్లేకపోయింది.

"ఇంకెన్నేండ్లు?" అంది.

"అయిదు" అన్నాడు ఆయన. "డబలు డ్యూటీలు చేస్త. నెలకు ఆర్నూర్లు కడత. అయిదేండ్లల్ల కొస ముట్టిస్త."

ఆమె తలుపులోంచి వంటింటి వైపు ఒకసారి చూసింది. నేను చెయ్యి పట్టుకుని, "రా తల్లీ, ఇవాళైనా లోపలికి రా, ఆయన ఇక్కడే ఉన్నాడు కదా" అన్నాను. తల అడ్డంగా ఊపింది. మెట్టు మీదే టీ తాగింది. సాయంత్రం బస్సుకు బట్టల మూట తీసుకుని వెళ్ళిపోయింది. పొయ్యి మాత్రం మళ్ళీ మోసుకెళ్ళలేనంది. రేకుల గది పక్కన గోడకు ఆనించి పెట్టింది. ఆ వానలకే అది తడిసి విరిగిపోయింది. ఆయన డ్యూటీలో ఉన్నాడు, చూడలేదు. నేను చూసి ముక్కలు ఏరి చెట్టు మొదట్లో పోశాను.

ఆ అయిదేళ్ళు లచ్చిరామన్న మనిషిలా బతకలేదని చెప్పాలి. ఎవరు సెలవు పెట్టినా వాళ్ళ డ్యూటీ తనే చేసేవాడు. పండక్కి అందరూ ఊళ్ళకు పోతే ఈయనకు పండగ, డబలు దొరుకుతుంది కనుక. తండాలో తీజ్ పండగ జరిగితే ఒక్క పూట వెళ్ళి, తెల్లారే బస్సుకు వచ్చేసేవాడు. చాంది పెళ్ళికి రెండు రోజులు ఉన్నాడు, అదే ఎక్కువ. నేను కూర పంపిస్తే తిని, గిన్నె తళతళా తోమి గోడ మీద బోర్లించేవాడు. డ్యూటీ లేనప్పుడు రేకుల గది ముందు కూర్చుని మా ఇంటి వెనక గోడ చూస్తూ ఉండేవాడు. తన ఇంటి వెనక గోడే అనుకోండి. ఏం చూస్తున్నావన్నా అంటే, "ఏం లేదు చెల్లె" అనేవాడు. నాతోనూ మాటలు తగ్గిపోయాయి. ద్వాలి రావడమూ తగ్గింది, వచ్చినా ముందులా నవ్వేది కాదు.

తొంభై ఏడులో అప్పు నిజంగానే తీరింది. మా ఆయన లెక్కవేస్తే నలభై వేల ఇంటికి డెబ్భై ఆరు వేల పైచిలుకు పడింది. "రెండిండ్లు కట్టిన, ఒక ఇల్లు సొసైటీకి ఇచ్చిన" అని లచ్చిరామన్న చాలా ఏళ్ళకు నవ్వాడు. మా ఆయనా అప్పుడే రిటైరయ్యాడు, మేము మధిర వెళ్ళిపోదామనుకున్నాం. సామాను లారీకెక్కించాక ఒక పూట ఆగాను. ఆ అడుగు చూడకుండా నేనెలా వెళతాను?

ద్వాలి వచ్చింది. జుట్టు సగం నెరిసింది. గడప దగ్గర ఇద్దరూ పక్కపక్కన నిలబడ్డారు, పరాయి పెళ్ళికి వచ్చినవాళ్ళలా. కొబ్బరికాయ నేనే కొట్టాను. "కాలు పెట్టండి, ఏంటలా నిలబడ్డారు!" అని నేనే గద్దించాల్సి వచ్చింది. పెట్టారు. నేను ఆనందంగా ఏడ్చుకుంటూ లారీ ఎక్కాను.

నాలుగు నెలల తరవాత మా ఆయన పెన్షను పనిమీద పాల్వంచ వచ్చాం. ఆయన ఆఫీసుకు పోతే నేను తిన్నగా ఇంటికి వెళ్ళాను. ముందు తలుపుకు తాళం. ఇద్దరూ తండాకు వెళ్ళారేమో అనుకుని వెనక్కి తిరగబోతే వెనక నుంచి దగ్గు వినిపించింది. వెళ్ళి చూస్తే లచ్చిరామన్న రేకుల గదిలో మంచం మీద ఉన్నాడు.

"ఇదేంటన్నా! ఇల్లు ఖాళీగా పెట్టి ఇక్కడున్నావేంటి? ద్వాలేది?"

"తండాకు పోయింది. నెల దాటింది."

"పోట్లాడుకున్నారా?"

"పోట్లాడినా బాగుండు" అన్నాడు. "ఏం మాట్లాడాల్నో ఇద్దరికీ తెల్వకపాయె చెల్లె. నేను పొద్దున పండుత, ఆమె పొద్దున లేస్తది. నాకు సప్పుడైతె నిద్ర పట్టది, ఆమెకు థర్మల్ మోతకు నిద్ర పట్టది. వండి గట్టు మీద పెడతది, నేను తీసుకోని తింట. ఒకనాడు బట్టలు మూట కట్టుకుంది. ఏందంటె, 'ఇల్లు మంచిగనే ఉంది, నువ్వే నాకు ఎరుక లేవు' అన్నది."

నేను నోట్లో కొంగు కుక్కుకున్నాను.

"ఆమె పోయినంక ముందలింట్ల పండితె ఎవలింట్లనో పండినట్టుంది. మీరొస్తరేమో, లేపుతరేమో అనిపిస్తది. గందుకే ఈడికే వచ్చిన."

కోపం పట్టలేకపోయాను. ఎవరి మీద కోపమో నాకే తెలీదు. "పోయి తీసుకురావాలా వద్దా? ఇక్కడ కూర్చుంటే ఎలా?" అని అరిచాను.

"పోత. పోయి ఏమని పిలవాలె?" నా వైపు చూశాడు. అన్నేళ్ళలో ఆయన నన్ను ఏదీ అడగలేదు. "చెల్లె, అన్నేండ్లు ఆ వరండాల కూసోని ద్వాలి నీ తోని మాట్లాడేది గద. ఏం మాట్లాడేది?"

గది బయట ఇటుక మీద కూర్చున్నాను. పొయ్యి సంగతి చెప్పాను. గట్టు చూసి ఎందుకు నవ్విందో చెప్పాను. పొయ్యి ముందు ఆయన పక్కన కూర్చుంటే రొట్టె కాలుతుండగా పెట్టాలన్న మాట చెప్పాను. విరిగిన పొయ్యి ముక్కలు ఎక్కడ పోశానో చూపించాను. ఎవరో పక్కింటి ఆవిడ గురించి చెబుతున్నట్టు నోరు తెరుచుకుని విన్నాడు.

"గట్లన్నదా?" అన్నాడు. మంచం అంచుకు జరిగి, "ఇంకా?" అన్నాడు.

నాకు గుర్తున్నవన్నీ చెప్పాను, చండ్రుగొండ బస్సు టైమయ్యేదాకా.